సూదిదారం విన్యాసంలో గుర్రాలు గుద్దుకుంటున్నాయి. రెండు గుర్రాలపై నిలబడతానంటున్న కుర్రవాడిని ఆపాలా?

పెన్నగట్టు_రాజా
కడప ఊరి బయట, సిద్ధవటం దారిలో, మాకు తెలిసినవారి ఎర్రమట్టి చేను ఒకటి రెండేళ్లుగా బీడుగా పడి ఉంది. దసరా నుంచి మేము ఎనిమిది మందిమి ఆ చేనులో ఎనిమిది గుర్రాలతో ఒక విన్యాస బృందంగా తయారవాలని పాటుపడుతున్నాము. గుర్రాలలో ఐదు పెళ్ళి ఊరేగింపులకు వెళ్లేవి, రెండు ఒకప్పుడు జట్కాకు కట్టినవి, ఒకటి మా బావమరిది సరదాపడి కొని మేపలేక మాకు అప్పగించినది. ఫిబ్రవరిలో ఒక కళాశాల వార్షికోత్సవంలో పావుగంట ప్రదర్శన ఇవ్వమని అడిగారు. మేము ఆలోచించకుండా ఒప్పుకున్నాము.

మాకు వచ్చిన చిక్కులు రెండు. మొదటిది, నాలుగేసి గుర్రాల వరుసలు రెండు ఎదురెదురు మూలల నుంచి ఏటవాలుగా వచ్చి, మైదానం నడుమ ఒకదాని సందుల్లోంచి ఒకటి దూరిపోయే విన్యాసం. దానికి మేము సూదిదారం అని పేరు పెట్టుకున్నాము. పదిసార్లు చేస్తే ఆరేడుసార్లు మూడో గుర్రం దగ్గరే చిక్కుపడుతోంది. పోయిన ఆదివారం నా మోకాలు ఎదుటివాడి జీనుకు కొట్టుకుని జామకాయంత వాచింది. రెండవది, మాలో చిన్నవాడైన పంతొమ్మిదేళ్ల కుర్రవాడు, సిక్కుల హోలా మొహల్లా పండుగ నాడు పంజాబులోని ఆనంద్‌పూర్ సాహిబ్‌లో నిహంగులనే సిక్కు యోధులు రెండు గుర్రాల వీపులపై చెరొక కాలు మోపి నిలబడి దౌడు తీసే దృశ్యాలను ఫోనులో చూసి, తానూ అదే చేస్తానని పట్టుబట్టాడు. ముందు వరుసలు నేర్చుకోవాలా, సాహసాలు నేర్చుకోవాలా, లేక రెండూ మానుకుని గుర్రాలను పెళ్ళిళ్లకే పంపాలా? తెలిసినవారు దారి చెప్పగలరు.

ఉలవచారు
మోకాలు జామకాయంత వాచిందంటే ఇంకా నయమే. గుమ్మడికాయంత అయ్యాక కూడా ఈ వేదికలో సలహాలు అడిగినవారు ఉన్నారు.

రికాబు_తాత
నేను జైపూరులోని 61వ అశ్వికదళంలో సవారుగా పనిచేసి, ఇప్పుడు హిందూపురం దగ్గర మా ఊళ్లో ఉంటున్నాను. 1953లో పాత సంస్థానాల గుర్రపు దళాలను కలిపి ఏర్పాటు చేసిన ఆ దళంలో కొత్తగా చేరినవాడికి మొదటి వారాల్లో ఏం నేర్పుతారో చెబితే మీరు నవ్వుకుంటారు. రికాబులు, అంటే జీనుకు వేలాడే కాలిపట్లు, తీసేసి, చేతులు రెండు వైపులా చాపించి, గుర్రాన్ని గుండ్రంగా తిప్పుతారు. ఆసనం కుదరనిదే ఈటె చేతికి ఇవ్వరు. నేలలో పాతిన మేకును ఈటె మొనతో పెకలించుకుపోయే ఆట చూసేవారికి అర నిమిషంలో అయిపోతుంది కానీ, దాని వెనుక రికాబులు లేకుండా తిరిగిన నెలలు ఉంటాయి.

మీ ప్రశ్నకు నా సమాధానం ఇది. వరుసలైనా సాహసాలైనా రెండింటికీ కావలసినది ఒక్కటే: పైన కూర్చున్నవాడు ఏం చేస్తున్నా తన వేగాన్ని తాను మార్చుకోని గుర్రం. రేపు ఉదయం ఒక పరీక్ష చేయండి. పగ్గాలను ముడివేసి మెడ మీద వదిలి, చేతులు కట్టుకుని కూర్చుని, గుర్రాన్ని నడకలో మూడు చుట్లు తిప్పండి. తరువాత అదే పరీక్ష దుల్కీలో చేయండి. ఎనిమిదింటిలో ఎన్ని నిలుస్తాయో ఇక్కడ రాయండి. అంతవరకు సూదిదారం మాట ఎత్తకండి. అన్నట్టు, ఆ మూడో గుర్రం మీద ఎవరు కూర్చుంటున్నారు?

కందనవోలు_కుర్రోడు
దుల్కీ అంటే ఏమిటో మాలాంటివారికి చెప్పి పుణ్యం కట్టుకోండి.

జట్కా_మనవడు
నడకకూ దౌడుకూ నడుమ ఉండే పరుగును మా తాత ఉర్దూలో దుల్కీ అనేవారు. ముందు కుడికాలూ వెనుక ఎడమకాలూ కలిసి పడతాయి, తరువాత ఆ మిగిలిన జత పడుతుంది, కనుక రెండే దెబ్బలు వినిపిస్తాయి. నడకకు నాలుగు దెబ్బలు, నెమ్మది దౌడుకు మూడు, పూర్తి దౌడుకు మళ్లీ నాలుగు వినిపిస్తాయి. కర్నూలు పాతబస్తీలో జట్కా నడిపిన మా తాత, రాత్రిపూట ఇంట్లో పడుకుని వీధిలో వెళ్లే గుర్రం డెక్కల చప్పుడు విని, దాని ఏ కాలి లాడం వదులైందో చెప్పేవారు.

రాజా అన్నా, జట్కా గుర్రాలు రెండూ మీకు వరం. వాటికి ఒకే వేగంతో గంటసేపు వెళ్లడం ఒంట్లో పట్టిన అలవాటు. అయితే వాటికి పక్కనుంచి కాలితో ఇచ్చే సైగ తెలియదు, ఎందుకంటే వాటి జీవితమంతా వెనుకనుంచి పగ్గమూ గొంతూ మాత్రమే సైగలు. ఆ రెండింటినీ వరుసలకు ముందు నిలపండి.

గండికోట_గాలి
రెండు దెబ్బలు, మూడు దెబ్బలు అన్నారు కనుక గుర్తొచ్చింది. అమరకోశం వల్లెవేసిన మా నాన్నగారు గుర్రపు గతులు ఐదని, ఆస్కందితం, ధౌరితకం, రేచితం, వల్గితం, ప్లుతం అని గుక్క తిప్పుకోకుండా చెప్పేవారు. గుర్రం ఎక్కమంటే మాత్రం ఎన్నడూ ఎక్కలేదు.

కందనవోలు_కుర్రోడు
రికాబు_తాత గారి అనుభవం మీద నాకు గౌరవం ఉంది కానీ, వారు చెప్పిన క్రమంతో నేను ఏకీభవించను. కళాశాల కుర్రకారు ముందు ఎనిమిది గుర్రాలు చక్కగా వరుస కట్టి నడిస్తే, రెండో నిమిషానికి అందరూ ఫోన్లలో తలదూర్చుతారు. ఒక్కడు జీను పక్కకు వేలాడి నేలమీది రుమాలు అందుకుంటే మైదానమంతా లేచి నిలబడుతుంది. ఇది కొత్త సంగతి కాదు. లండనులో 1768లో ఫిలిప్ ఆస్ట్లీ అనే మాజీ సైనికుడు గుర్రం మీద నిలబడి విన్యాసాలు చూపించే ఆవరణ పెట్టాడు, అక్కడినుంచే నేటి సర్కసు పుట్టింది. మన దేశంలో 1880లో బొంబాయిలో తొలి సర్కసు ప్రదర్శన ఇచ్చిన విష్ణుపంత్ ఛత్రే కూడా గుర్రాలను మచ్చిక చేయడంలో నేర్పరి. జనం ఎన్నడూ సాహసానికే డబ్బు ఇచ్చారు, క్రమశిక్షణకు కాదు.

రికాబు_తాత
కుర్రవాడా, నా వాదానికి కావలసిన సాక్ష్యాన్ని నువ్వే తెచ్చి ఇచ్చావు. ఆస్ట్లీ చేసిన పనిలో అసలు తెలివి నిలబడటంలో లేదు, గుండ్రంగా తిప్పడంలో ఉంది. సర్కసు వలయం అడ్డుకొలత 42 అడుగులని స్థిరపడింది. అంత వలయంలో గుర్రం నెమ్మది దౌడు దాటి పరుగెత్తలేదు, లోపలికి కొద్దిగా ఒరిగి ఒకే లయలో సాగుతుంది, ఆ ఒరుగుదలే పైన నిలబడినవాడిని బయటకు విసిరిపోకుండా కాపాడుతుంది. గుర్రం లయ తప్పితే ఆస్ట్లీ అయినా నేలమీద పడవలసిందే.

ఇక క్రమశిక్షణకు ఎవరూ డబ్బు ఇవ్వరన్న మాటకు వస్తే, కెనడా రాజ పోలీసుల సంగీత విన్యాసం 1887 నుంచి ఉంది. ముప్పై రెండు గుర్రాలు, ముప్పై రెండుమంది రౌతులు, ఒక్కరు కూడా జీను మీద నిలబడరు. వియన్నాలో లిపిజాన్ జాతి గుర్రాల స్వారీ పాఠశాలకు నాలుగు వందల ఏళ్లకు పైబడిన చరిత్ర ఉంది, అక్కడ ఉదయపు సాధనను చూడటానికి కూడా జనం టిక్కెట్టు కొంటారు.

లెక్కల_మాస్టారు
నేను గుర్రాన్ని పెళ్ళిలో తప్ప ఎక్కలేదు, ఆ రోజూ దిగడానికి ఇద్దరు పట్టుకున్నారు. అయినా ఈ విషయంలో లెక్క ఉంది కనుక రాస్తున్నాను.

రెండు గుర్రాల మీద చెరొక కాలు మోపి నిలబడినప్పుడు, రెండు వీపుల నడుమ 70 సెంటీమీటర్ల ఎడం ఉందని అనుకోండి. వలయం తిరిగేటప్పుడు బయటి గుర్రం ఒక చుట్టుకు లోపలి గుర్రం కంటే సుమారు 4.4 మీటర్లు ఎక్కువ దూరం వెళ్లాలి. వలయం చిన్నదైనా పెద్దదైనా ఈ తేడా మారదు, ఎందుకంటే అది ఆ ఎడాన్ని రెండు పైలతో, అంటే సుమారు 6.28తో, గుణించినంత మాత్రమే. చిన్న వలయంలో ఆ తేడాను కొద్ది అడుగుల్లో పూడ్చాలి, పెద్ద వలయంలో మెల్లగా పూడ్చవచ్చు. పూడ్చకపోతే కుర్రవాడి కాళ్లు కత్తెరలాగా ముందూ వెనుకా విడిపోతాయి. అంటే బయటి గుర్రానికి అడుగు సాచడమూ, లోపలి గుర్రానికి అడుగు కుదించడమూ తెలిసి ఉండాలి. ఎత్తు కూడా సమానంగా ఉండాలి.

సూదిదారానికీ ఇదే పద్ధతి వర్తిస్తుంది. గుర్రం పొడవు దాదాపు 2.4 మీటర్లు. ముందు గుర్రం తోకకూ వెనుక గుర్రం ముక్కుకూ మధ్య రెండు గుర్రాల పొడవు వదిలితే, గంటకు 13 కిలోమీటర్ల దుల్కీలో ఆ సందు ఎదుటివాడి ముందు ఉండేది ఒక సెకను, ఇంకొక మూడోవంతు మాత్రమే. గంటకు 6 కిలోమీటర్ల నడకలో అదే సందు దాదాపు మూడు సెకన్లు ఉంటుంది. మీరు ఏ వేగంతో చేస్తున్నారు? ఎంత సందు వదులుతున్నారు?

పెన్నగట్టు_రాజా
మాస్టారూ, మేము దుల్కీలో, ఒక గుర్రం పొడవు సందుతో చేస్తున్నాము. ఇప్పుడు మీ లెక్క చదివాక నా మోకాలు ఇంకొంచెం నొప్పి పెడుతోంది.

రికాబు_తాత గారి పరీక్ష చేశాము. నడకలో ఐదు నిలిచాయి, దుల్కీలో మూడే నిలిచాయి. వాటిలో రెండు జట్కా గుర్రాలే. పెళ్ళి గుర్రాలలో ఒకటి పగ్గం వదలగానే నిలబడిపోయి, ఎవరో ఫోటో తీయడానికి వస్తారన్నట్టు తల పైకెత్తి చూసింది.

ఉలవచారు
దానికి తన వృత్తి ధర్మం తెలుసు. పెళ్ళికొడుకు తలపాగా సర్దుకునేదాకా అది కదలదు.

సీమ_పశువైద్యం
వరుసల మాట ఎలా ఉన్నా, ముందు గుర్రాల సంగతి చూడండి. ఎనిమిదింటినీ గట్టినేల మీద, తాడు వదులుగా పట్టుకుని, దుల్కీలో ఎదురుగా నడిపించి తలలను గమనించండి. ముందుకాలు నొప్పిగా ఉన్న గుర్రం ఆ కాలు నేలను తాకినప్పుడు తల పైకెత్తుతుంది, బాగున్న కాలు పడినప్పుడు దించుతుంది. సిమెంటు రోడ్ల మీద ఏళ్ల తరబడి గంటలకొద్దీ నిలబడిన పెళ్ళి గుర్రాలలో ఇది తరచుగా చూస్తాను, యజమానులు దాన్ని నాట్యమని పొరబడతారు. పళ్లు చూసి వయసు నిర్ధారించుకోండి. ఐదేళ్లకు గాని పెద్దపళ్లు పూర్తిగా రావు, అంతకన్నా చిన్న గుర్రంతో సాహసాలు చేయించవద్దు. లాడాలు ఆరు నుంచి ఎనిమిది వారాలకు ఒకసారి మార్పించండి.

బరువు సంగతి చాలామంది మరచిపోతారు. మనిషీ జీనూ కలిపి గుర్రం బరువులో ఐదోవంతు మించకూడదని సాధారణంగా చెప్పే లెక్క. మన ప్రాంతంలో కనిపించే గుర్రం 350 కిలోలు ఉంటే, జీనుతో కలిపి 70 కిలోలే దాని వంతు.

నేల గురించి ఒక మాట. మీది ఎర్రమట్టి అన్నారు, మంచిదే, కానీ అందులో గులకరాళ్లు ఏరించండి. కర్నూలు వైపు నల్లరేగడిలో ఇదే పని చేస్తే వానకు గిట్ట పట్టుకుపోతుంది, ఎండకు నెర్రెల్లో కాలు దిగుతుంది. సాధన సూర్యోదయానికి ముందే మొదలుపెట్టి ఎనిమిది లోపు ముగించండి. గుర్రం రోజుకు పాతిక లీటర్లకు తక్కువ కాకుండా నీళ్లు తాగుతుంది, మన ఎండలకు ఇంకా ఎక్కువ కావాలి. గుర్రాలకూ మీకూ ధనుర్వాతం టీకాలు వేయించారా? గుర్రాలు దానికి మనకన్నా సులభంగా లొంగుతాయి.

పెన్నగట్టు_రాజా
టీకాలు గుర్రాలకు వేయించాము, మాకు వేయించలేదు, రేపే వెళ్తాము. బరువు విషయంలో ఒక ఒప్పుకోలు ఉంది. నేను 86 కిలోలు.

ఉలవచారు
రాజా గారూ, ఉలవలు గుర్రానికి పెట్టి, ఉడికించిన నీళ్లతో చారు మాత్రమే మీరు తాగండి. ఫిబ్రవరికి ఇద్దరూ సరిపోతారు.

పీపా_తల్లి
మా అమ్మాయి బెంగళూరులో గుర్రం మీద జిమ్నాస్టిక్స్ వంటి విన్యాసం నేర్చుకుంది. దాన్ని అంతర్జాతీయ అశ్వక్రీడా సమాఖ్య 1983లోనే తన క్రీడల్లో చేర్చుకుంది. అక్కడ మొదటి ఆరు నెలలు మా అమ్మాయిని గుర్రం ఎక్కనివ్వలేదని నేను గొడవపడ్డాను. అన్నీ ఒక పీపా మీదే. మోకాళ్ల మీద నిలవడం, ఒక కాలు వెనక్కి సాచి ఎదురు చెయ్యి ముందుకు చాపడం, కాళ్లు కత్తెరలాగా తిప్పి వెనుదిరిగి కూర్చోవడం, నిలబడటం, వీటన్నింటికన్నా ముందు పడటం నేర్పారు. నిలబడటం కన్నా పడటం ఎక్కువసార్లు చేయించారు.

సెలవులకు వచ్చినప్పుడు అనంతపురంలో మేము ఒక పీపా చేయించుకున్నాము. 200 లీటర్ల నూనె పీపాను వెల్డింగు దుకాణంలో పడుకోబెట్టి, కింద నాలుగు ఇనుప కాళ్లు, పైన చేతులతో పట్టుకోవడానికి వంపు తిరిగిన రెండు పిడులు అతికించారు. దాని మీద పాత బొంత, ఆ పైన గోనెపట్టా కట్టి, చుట్టూ మోకాలెత్తు వరిగడ్డి పరిచాము. వెల్డింగు అబ్బాయి ఇది దేనికమ్మా అని అడిగితే గుర్రమని చెప్పాను. అతను కాసేపు చూసి, తోక కూడా పెట్టమంటారా అని అడిగాడు.

మీ పంతొమ్మిదేళ్ల పిల్లవాడిని ఆపకండి, పీపా ఎక్కించండి. అదీ కాళ్లకు చెప్పులు లేకుండా, లేదా మెత్తటి అడుగు ఉన్న బూట్లతో మాత్రమే. నెలరోజుల్లో విసిగిపోతే అది వాడి పని కాదని తేలుతుంది. విసుగు పుట్టకపోతే అప్పుడు ఒక్క గుర్రం.

కందనవోలు_కుర్రోడు
పీపా మాట బాగుంది. కానీ జీను పక్కకు వేలాడే విన్యాసం పీపా మీద రాదు కదా?

రికాబు_తాత
దానికి వేరే జీను ఉంటుంది. ముందు ఎత్తైన గట్టి ఇనుప కొమ్ము, వెనుక చేతిపట్లు, కాలు ఇరికించుకునే తోలు పట్టీలు ఉంటాయి. మామూలు జీను మీద ఒక పక్కకు వేలాడితే తంగు, అంటే పొట్ట చుట్టూ కట్టే పట్టీ, ఎంత బిగించినా జీను పొట్టకిందికి తిరుగుతుంది. ఇక పట్టీలో ఇరుక్కున్న కాలు సమయానికి ఊడిరాకపోతే ఏమవుతుందో నేను ఒకసారి చూశాను. ఎక్కడన్నది రాయను. ఒక ప్రైవేటు బృందం వాళ్ల కుర్రవాడు దౌడులో వెనక్కి వేలాడి, లేచేటప్పుడు పట్టీ మడమకు మెలిపడింది. గుర్రం బెదిరి ఆగలేదు. మైదానం చివరి తడిక దాకా అతని తల నేలకు కొట్టుకుంటూనే వెళ్లింది. బతికాడు, మళ్లీ గుర్రం దగ్గరికి రాలేదు. ప్రదర్శనలో రుమాలు అందుకోవడం ఏడు సెకన్ల పని అనుకునేవారికి ఈ సంగతి చెప్పకుండా ఉండలేను.

గుత్తికోట
రికాబులో ఇరుక్కునే ప్రమాదం లేని రౌతు మన జిల్లాల్లో ఒక్కడే ఉన్నాడు. దత్తమండలాలకు కలెక్టరుగా ఉండి, 1827లో పత్తికొండలో కలరాతో చనిపోయి, మొదట మా గుత్తిలో ఖననమైన థామస్ మన్రో. మద్రాసులో ఆయన కంచు విగ్రహం గుర్రానికి జీనూ లేదు, రికాబులూ లేవు. చాంట్రీ అనే శిల్పి మరచిపోయాడని కథలు చెబుతారు. రికాబు_తాత గారి మొదటి వారం శిక్షణను ఆయన ఇన్నేళ్లుగా చేస్తున్నాడని నాకు ఇప్పుడు అర్థమైంది.

మూగనోరు
ఇంతమంది ఇన్ని లెక్కలు చెబుతున్నారు కానీ, గుర్రాన్ని అసలు అడిగినవారు ఎవరు? పెళ్ళిళ్లలో బాణసంచా మధ్య నిలబెట్టినది చాలదని, ఇప్పుడు మైకులూ విద్యుద్దీపాల మధ్య తిప్పుతారా? నాట్యం నేర్పడానికి ఏ విధంగా కొడతారో మీకు తెలియదా? ఈ బృందం ఆలోచనే మానుకోవాలని నా అభిప్రాయం.

పెన్నగట్టు_రాజా
మూగనోరు గారూ, మీ కోపం సరైనదే. నేను దాచకుండా చెబుతాను. మేము ఒక తెల్ల గుర్రాన్ని తెచ్చుకున్నప్పుడు దాని కళ్లెం ఇనుముకు సన్నటి తీగ చుట్టి ఉంది. పగ్గం కొంచెం లాగితే తల వెనక్కి విరుచుకుని ముందుకాళ్లు ఎత్తేది. మేము దాన్ని చురుకుదనం అనుకున్నాము. నోరు తెరిచి చూస్తే నాలుక రెండు అంచులా పుండ్లు పడి ఉంది. యజమాని ఎవరో రాయడం నాకు ఇష్టం లేదు, ఆయన అమాయకంగా అందరూ ఇలాగే చేస్తారని అన్నాడు. ఆ తీగను నేనే శ్రావణంతో కత్తిరించాను. నెలరోజులు కళ్లెం లేకుండా, ముఖానికి మెత్తటి తాడు మోకు కట్టి నడిపించాము. అదే ఇప్పుడు మొదటి వరుసలో మూడోది.

సీమ_పశువైద్యం
మంచి పని చేశారు. ఒక చిన్న జాగ్రత్త చెబుతాను. నోటిపుండు మానినా భయం మానదు, పగ్గం ఒక్కసారి గట్టిగా తగిలితే అది మళ్లీ తల విసురుతుంది. ఎదురు గుర్రం దగ్గరికి రాగానే దాని మీద ఉన్నవాడు కంగారుపడి పగ్గం లాగుతున్నాడేమో చూడండి.

వకీలమ్మ
మూగనోరు గారు లేవనెత్తిన దానికి చట్టం పక్కనుంచి ఒక మాట. జంతువుల పట్ల క్రూరత్వ నిరోధక చట్టం 1960 నాటిది. దాని 21వ సెక్షను నుంచి 27వ సెక్షను దాకా ప్రదర్శన జంతువుల గురించి ఉంది, ఆ పైన 2001 నాటి నమోదు నియమాలు ఉన్నాయి. టిక్కెట్టు పెట్టి జనాన్ని రానిచ్చే ప్రదర్శనకు జంతువులను వాడాలన్నా, అందుకోసం తర్ఫీదు ఇవ్వాలన్నా భారత జంతు సంక్షేమ మండలిలో నమోదు చేసుకోవాలి. పోలీసు, సైనిక అవసరాలకు ఇచ్చే తర్ఫీదుకు 27వ సెక్షను మినహాయింపు ఇస్తుంది, కనుక రికాబు_తాత గారి దళాన్ని చూసి మనకూ అక్కర లేదనుకోకూడదు.

1998లో ప్రదర్శనలకు నిషేధించిన జాబితాలో ఎలుగుబంట్లు, కోతులు, పులులు, చిరుతలు, సింహాలు ఉన్నాయి. గుర్రం అందులో లేదు. అంతమాత్రాన తీగ చుట్టిన కళ్లెం చెల్లుతుందని కాదు. టిక్కెట్టు ఉన్నా లేకున్నా క్రూరత్వానికి 11వ సెక్షను వర్తిస్తుంది. కళాశాలవారు ప్రవేశ రుసుము వసూలు చేస్తారా లేదా అన్నది ముందు రాతపూర్వకంగా తెలుసుకోండి. రుసుము ఉంటే నమోదు కాగితం చేతికి రాకుండా గుర్రాన్ని వాహనం ఎక్కించకండి.

మూగనోరు
తీగ కత్తిరించిన సంగతి చదివాక నా మాటలో పదును కొంచెం తగ్గించుకుంటున్నాను. కానీ విద్యుద్దీపాల మాట మరచిపోకండి.

జట్కా_మనవడు
సూదిదారం కోసం మా తాత చెప్పే ఒక కిటుకు ఉంది. ఆయన దాన్ని సందు మలుపులో ఎదురు బండి వచ్చినప్పుడు వాడేవారు. ఎదురు గుర్రాన్ని చూడకూడదు, అది పోయే చోటును చూడాలి. మనిషి ఎటు చూస్తే అతని నడుము అటే తిరుగుతుంది, నడుము తిరిగితే గుర్రం అటే పోతుంది. ఎదుటివాడి ముఖం చూస్తూ వెళ్లినవాడు ఎదుటివాడికే తగులుతాడు.

లెక్కల_మాస్టారు
ఇంకొక సూచన కూడా చేస్తాను. గుర్రాలు లేకుండా ముందు మనుషులే ఆ విన్యాసం నడిచి చూడండి. మైదానంలో ముగ్గుపిండితో రెండు ఏటవాలు గీతలు గీసి, నడిమధ్యన ఒక చుక్క పెట్టి, ఎవరు ఎన్నో అడుగులో ఆ చుక్క దాటాలో లెక్కపెట్టుకోండి.

పెన్నగట్టు_రాజా
మూడు వారాల తరువాత రాస్తున్నాను. మాస్టారు చెప్పినట్టు ఎనిమిది మందిమి గుర్రాలు లేకుండా, ఒక్కొక్కరికి గుర్రం పొడవు తెలియడానికి చెరొక పొడుగాటి వెదురుకర్రను వెనక్కి ఈడ్చుకుంటూ, ముగ్గు గీతల మీద సూదిదారం నడిచాము. దారిన పోయే గొర్రెల కాపరి ఒకాయన ఆగి, పావుగంట చూసి, దేనికి నాయనా ఈ మొక్కు అని అడిగాడు. మొదటి రోజు మనుషులమే తొమ్మిదిసార్లు గుద్దుకున్నాము. అంటే తప్పు గుర్రాలది కాదని తేలిపోయింది.

ఇప్పుడు నడకలో, రెండు గుర్రాల పొడవు సందుతో, పదికి పదిసార్లు కుదురుతోంది. దుల్కీలో పదికి ఏడుసార్లు కుదురుతోంది. కుర్రవాడు పీపా మీద ఉన్నాడు. మొదటి వారం రోజుకు ముప్పైసార్లు గడ్డిలో పడ్డాడు, ఇప్పుడు నిలబడి పాట పాడుతున్నాడు. రెండు గుర్రాల మాట తానే ఎత్తడం మానేశాడు.

కందనవోలు_కుర్రోడు
ఏకంగా నడకలోనే ప్రదర్శన ఇస్తారా? మా కర్నూలుకు మాత్రం రాకండి.

పెన్నగట్టు_రాజా
ప్రదర్శన అయిపోయింది. టిక్కెట్టు లేదని కళాశాలవారు రాసి ఇచ్చారు, పగటిపూటే పెట్టించాము కనుక దీపాలూ లేవు. పదకొండు నిమిషాలే చేశాము. నడకలో రెండు వరుసల ప్రవేశం, దుల్కీలో జంటలుగా విడిపోవడం, తరువాత సూదిదారం. కుదిరింది. కుర్రవాడు జట్కా గుర్రం మీద, గుండ్రంగా తిప్పే తాడు చివర, నెమ్మది దౌడులో ఒక చుట్టు మోకాళ్ల మీద నిలిచాడు. అంతకు మించి చేయనివ్వలేదు.

అసలు విషయం తరువాత జరిగింది. మేము వందనం చేసి వరుసగా బయటికి వస్తుంటే, విద్యార్థులు ఉత్సాహంతో డప్పులు అందుకున్నారు. ఐదు పెళ్ళి గుర్రాలూ ఒక్కసారిగా ఆగిపోయి, మెడలు వంచి, ముందుకాళ్లు ఎత్తి ఎత్తి వేయడం మొదలుపెట్టాయి. కాలు నొప్పి లేదని వైద్యుడు గారు చూసి చెప్పిన గుర్రాలే కనుక నేను భయపడలేదు. పగ్గాలు వదిలేసి కూర్చున్నాము. జట్కా గుర్రాలు రెండూ మాత్రం పక్కచూపు కూడా చూడకుండా ఒకే వేగంతో వాహనం దాకా నడిచి వెళ్లాయి. అన్నింటికన్నా పెద్ద చప్పట్లు ఆ డప్పులకే పడ్డాయి.

కందనవోలు_కుర్రోడు
నేను మొదటే చెప్పాను.

ఉలవచారు
నువ్వు సాహసం అన్నావు, వాళ్లు పెళ్ళి చూపించారు. రెండింటికీ పెద్ద తేడా లేదనుకుంటే నీ మాటే నెగ్గింది.

రికాబు_తాత
రాజా, అంతా బాగుంది. కానీ నేను మొదటి రోజు అడిగిన ప్రశ్నకు నువ్వు ఇంతవరకు జవాబు ఇవ్వలేదు. ఆ మూడో గుర్రం మీద ఎవరు కూర్చునేవారు?

పెన్నగట్టు_రాజా
నేనే కూర్చునేవాడిని, తాతగారూ. ఎదుటివాడి ముఖం చూసేదీ నేనే, పగ్గం లాగేదీ నేనే. ఇప్పుడు దాని మీద 58 కిలోల అబ్బాయి కూర్చుంటున్నాడు. నేను నేల మీద నిలబడి అడుగులు లెక్కపెడుతున్నాను.